కొమ్ముల కంటే ముందు చెవులు

గొర్రెలకు బుద్ధి లేదని ఎవడన్నాడో గానీ, వాణ్ణి తీసుకొచ్చి నడి వేసవిలో మిట్టమధ్యాహ్నం మా రేగడి చేలల్లో నిలబెట్టాలి. జొన్న కోసేశాక ఆ చేలల్లో నీడనేదే ఉండదు. కనుచూపు మేర జొన్న కొయ్యలు, కింద నెర్రెలు, పైన సూర్యుడు. మనిషైతే తువ్వాలు నెత్తిన వేసుకుని దేవుణ్ణో, సర్కారునో తిట్టుకుంటాడు. గొర్రె ఏం చేస్తుందో తెలుసా? పక్కనున్న గొర్రె పొట్ట కింద తల పెడుతుంది. ఆ పక్క గొర్రె ఇంకోదాని పొట్ట కింద పెడుతుంది. అలా మందంతా గుండ్రంగా చేరి, ఒకదాని నీడలో ఒకటి తలలు దాచుకుంటాయి. ఒళ్ళు మాడినా తల చల్లగా ఉంటుంది. దీన్ని అవి తలనీడ అంటాయి. చెట్టు లేని చోట గొర్రెకు గొర్రే చెట్టు మరి.

కాపరి ఓబులేసు మందలో తలనీడ లేనివాడు ఒక్కడే. వాడు జగ్గడు, పొట్టేలు.

వాడి సంగతి చెబుతా, మధ్యలో అడ్డు రాకండి. జగ్గడు ఈ మందలో పుట్టినవాడు కాదు. ఓబులేసు బామ్మర్దికి పొట్టేళ్ళ పందేల పిచ్చి. పాలు మరవని పిల్లప్పుడే జగ్గణ్ణి తెచ్చి ఇంటి వెనక గుంజకు కట్టేశాడు. రోజూ పొద్దున్నే వచ్చి వాడి నుదుటి మీద అరచెయ్యి పెట్టి తోసేవాడు. పిల్ల తిరిగి తోస్తే గుప్పెడు ఉలవలు, తొయ్యకపోతే ఏమీ లేదు. పాపం ఆ పిల్లకు ఏం తెలుస్తుంది? ఎవరైనా తాకితే పొడవాలి, పొడిస్తే తిండి దొరుకుతుంది, అంతే నేర్చుకుంది. వాడి ఒంటి మీద పడ్డ చెయ్యి అదొక్కటే. నిమిరిన చెయ్యి ఒక్కటీ లేదు.

పెద్దయ్యాక ఓ పందెంలో కొమ్ము కొస విరిగింది. బామ్మర్దికి విసుగు పుట్టింది. "బావా, వీణ్ణి నీ మందలో పడెయ్" అని తోలేసి పోయాడు. 

మందలో ముసలి గొర్రె నాగవ్వ పెద్దదిక్కు. కొత్తవాడొచ్చాడు కదా అని మర్యాదగా ఎదురెళ్ళి, గొర్రెల పద్ధతి ప్రకారం వాడి నుదుటికి నుదురు ఆనించబోయింది. తాకీ తాకగానే జగ్గడు ఎగిరి ఒక్క పోటు పొడిచాడు. నాగవ్వ నెర్రెల్లో పడి దొర్లింది. పాపం ముసలిది! అంతే, ఆ రోజు నుంచి జగ్గడు ఒక అడుగు ముందుకేస్తే మంద రెండడుగులు వెనక్కి వేసేది. మధ్యాహ్నం తలనీడలు కుదిరేవేళ వాడు దగ్గరికి పోతే, ఆ గుండ్రం మొత్తం అలాగే జరిగిపోయి ఇంకో చోట కుదురుకునేది. వాడు చేను గట్టున, తంగేడు పొదల పక్కన, నెత్తి మాడుతుంటే ఒక్కడే నిలబడేవాడు.

వాడి దగ్గరికి వచ్చేది ఒక్క గోరింక. వీపు మీద వాలి పిడుదులు ఏరుకుని తినేది. నోరు ఊరుకోదు దానికి.

"తమ్ముడూ, ఇవాళా వెళ్ళావా వాళ్ళ దగ్గరికి?"

"వెళ్ళలేదు. అటు గడ్డి ఉందేమోనని చూశానంతే."

"కొయ్యల్లో గడ్డి! నా దగ్గరా నీ కబుర్లు?"

"నన్ను చూస్తే ఎందుకక్కా అలా పారిపోతాయి?"

"నువ్వు పొడుస్తావు కాబట్టి."

"అవి పారిపోతాయి కాబట్టి నాకు కోపమొస్తుంది. కోపమొస్తుంది కాబట్టి పొడుస్తాను."

"బాగుంది. గానుగెద్దులా దాని చుట్టూ తిరుగుతూ ఉండు మరి."

"నీకేం, ఎగిరిపోతావు. నాకు ఆ నీడలో కాస్త తల పెట్టుకోవాలని ఉంది. ఒక్క మధ్యాహ్నం చాలు. అది అడిగితే తప్పా?"

గోరింక పిడుదును మింగి, ముక్కు వాడి ఉన్నికే తుడుచుకుంది. "తప్పు కాదు. నీకో సంగతి చెబుతా విను. నీకు కోపమొస్తోందని నీకంటే ముందు నాకు తెలుస్తుంది. వీపు మీద ఉంటాను కదా. ముందు నీ చెవుల మొదళ్ళు వేడెక్కుతాయి. తర్వాత గుండె దడదడ కొట్టుకుంటుంది, నా కాళ్ళకు తెలుస్తుంది. ఆ తర్వాత ముక్కు బుసలు కొడుతుంది. ఇవన్నీ అయ్యాక గానీ నువ్వు కారణం వెతకవు, ఎవడు చూశాడు, ఎవడు నవ్వాడు అని. కోపం ముందొచ్చి కూర్చుంటుంది, కారణం వెనకాల చెప్పుల్లేకుండా పరిగెత్తుకొస్తుంది. ఆఖరున కొమ్ములు."

"అయితే ఏం చెయ్యమంటావు?"

"చెవుల దగ్గర ఆగు. కొమ్ములదాకా వచ్చాక నీ బాబు కూడా ఆపలేడు. ఎవరూ కెలక్కుండా ఉంటే ఆ వేడి దానంతటదే దిగిపోతుంది. నేను ఇంకో పిడుదు వెతుక్కునేలోపే దిగిపోవడం చాలాసార్లు చూశాను."

"చెవులు చూసుకోవడమా!" జగ్గడు మూతి తిప్పాడు. "పొట్టేలన్నవాడు చెయ్యాల్సిన పనేనా అది?"

చెప్పేవాడికి వినేవాడు లోకువ అంటారు గానీ, వినేవాడికీ చెప్పేవాడు లోకువే. అందులో చెప్పేది ఇంత పిట్ట అయితే ఇక చెప్పక్కర్లేదు.

ఇదంతా తంగేడు పొద వెనక నుంచి ఒకడు వింటున్నాడు. వాడెవడో మీకు తెలిసిపోయే ఉంటుంది. అవును, గుంటనక్కే. దానికి చాలా రోజులుగా ఆ మందలోని బొల్లి మూతి గొర్రెపిల్ల మీద కన్ను. మధ్యాహ్నం గొర్రెలన్నీ తలలు దించుకుంటాయి, ఓబులేసు వంకకు నీళ్ళకు పోతాడు, ఎత్తుకుపోవడానికి అంతకంటే మంచి వేళ లేదు. అడ్డం ఒక్కటే, మంద కుక్క బూడిదగాడు. ఆ వేళ తల ఎత్తుకుని నాలుగు వైపులా చూసేది వాడొక్కడే. నక్క తన పళ్ళతో బూడిదగాణ్ణి గెలవలేదు. కొమ్ములు కావాలి. ఆ కొమ్ములు ఇక్కడ ఊరికే ఎండుతున్నాయి.

గోరింక ఎగిరిపోగానే నక్క బయటికొచ్చింది.

"అయ్యో అల్లుడూ! ఇంత ఎండలో ఒంటరిగానా? నీలాంటి వీరుడికి ఇదేం గతిరా?"

జగ్గడు చెవులు రిక్కించాడు. ఎవరైనా వాణ్ణి పిలిచి ఎన్నాళ్ళైంది? అల్లుడూ అన్న మాటకే సగం కరిగిపోయాడు. ఒంటరిగా ఉన్నవాణ్ణి పట్టుకోవడానికి పెద్ద వల అక్కర్లేదండీ.

"ఏం చెయ్యను మామా. కోపం. ఒంట్లో ఎప్పుడూ కుతకుతలాడుతుంటుంది."

"ఉండదూ మరి! లోపల దాచుకుంటే కుళ్ళుతుంది. కోపమంటే కడుపులో గాలి. బయటికి పోతే సుఖం, లోపలుంటే శూల. ఇదిగో, ఈ ఎండు తుమ్మ మొద్దు ఉందా? రోజూ దీన్ని పొడువు. నిన్ను తరిమినవాళ్ళందరినీ తలుచుకుని మరీ పొడువు. మొత్తం ఖాళీ అయిపోతుంది. ఖాళీ అయ్యాక హాయిగా పోయి మందలో తల పెట్టుకో."

మాట నున్నగా ఉంది. జగ్గడు పొడిచాడు. నాగవ్వను తలుచుకుని పొడిచాడు, జరిగిపోయే ఆ గుండ్రాన్ని తలుచుకుని పొడిచాడు, అరచేతిని తలుచుకుని పొడిచాడు. అబ్బ, ఎంత బాగుందో! పొడిచినంతసేపూ బాగానే ఉంటుంది. 

మర్నాడు గోరింక వచ్చి వాలింది, వెంటనే రెక్కలు విదిలించింది. "ఏంటిది తమ్ముడూ, లోపల డప్పులు మోగుతున్నాయి?"

"మొద్దును పొడిచానులే. కోపమంతా ఖాళీ చేసేశాను."

"ఖాళీ అయిన కుండ ఇంత చప్పుడు చేస్తుందా? పొడవకముందు నీ గుండె నడిచేది, ఇప్పుడు పరిగెడుతోంది. నాకు కాళ్ళున్నాయి, నాకు తెలియదా?"

"మామ చెప్పాడు."

"ఏ మామ?"

జగ్గడు మొద్దు వైపు తిరిగిపోయాడు. ఆ రోజు మొద్దును ఇంకాస్త గట్టిగా పొడిచాడు. ఆపై రోజు మొద్దు చాలలేదు, గట్టు మీది రాయి కావలసొచ్చింది. ఆ తర్వాత రాయీ చాలలేదు. ఊరికే గాలికి తంగేడు కొమ్మ కదిలినా, ఎవడ్రా అది అనేవాడు. కక్కేస్తే పోతుందనుకున్న కోపానికి రోజూ కసరత్తు చేయించి కండ పెంచుతున్నాడు, మూర్ఖుడు.

గోరింక ఉంటే పని చెడిపోతుందని నక్కకు తెలుసు. ఓ రోజు మెల్లగా అంది. "ఆ పిట్ట నీ దగ్గరికి ఎందుకొస్తుందనుకున్నావు? ప్రేమనుకున్నావా? ఎద్దు పుండు కాకికి ముద్దు. నీ రక్తం తాగిన పురుగులతో కడుపు నింపుకుంటుంది, ఆపైన పోయి మందలో కూర్చుని నీ గుండె ఎలా కొట్టుకుందో, నువ్వెలా ఏడ్చావో అన్నీ చెప్పి నవ్విస్తుంది. నేను విన్నాను కాబట్టి చెబుతున్నా. నాకేం అవసరం?"

అంతే. గోరింక వచ్చి వాలగానే జగ్గడు ఒళ్ళు విదిలించి గట్టుకేసి రుద్దుకున్నాడు. "దిగు! దిగు నా వీపు మీంచి! నా సంగతులు మోసుకెళ్ళి అమ్ముకుంటున్నావా?"

గోరింక గాల్లోకి లేచి, మొద్దు మీద వాలింది. రెక్క ఒకటి దుమ్ముకొట్టుకుపోయింది.

"ఎవరు చెప్పారు?"

"ఎవరైతే ఏం?"

"కందకు లేని దురద కత్తిపీటకెందుకు. పోతాలే." పోతూ పోతూ కూడా ఆ నోరు ఊరుకోలేదు. "చెవులు చూసుకో తమ్ముడూ."

గోరింక బరువెంతుంటుంది చెప్పండి? వీపు మీద ఉన్నప్పుడు ఉన్నట్టే తెలియదు. లేనప్పుడు మాత్రం ఆ పొట్టేలుకు సాయంత్రమంతా వీపు బరువెక్కింది. దురద పుట్టిన చోటల్లా ముక్కు అందలేదు. మంద దొడ్డికి చేరుతుంటే అందరికంటే వెనక, దుమ్ములో నడిచాడు. ముందు పోయే గొర్రెలు తల తిప్పి చూస్తే వాడి వైపు కాదు, వాడు ఎంత దూరంలో ఉన్నాడో అని చూశాయి. ఏడుపొచ్చింది వాడికి. ఏడవడం వాడికి ఎవరూ నేర్పలేదు కాబట్టి బుసకొట్టాడు.

ఇక నక్కకు మిగిలింది బూడిదగాడు.

"అల్లుడూ, ఆ కుక్క నిన్ను చూసి ఎలా నవ్వుతోందో గమనించావా?"

జగ్గడు చూశాడు. బూడిదగాడు మందకు ఆవల నిలబడి ఇటే చూస్తున్నాడు. నోరు బార్లా తెరిచి ఉంది. నాలుక వేలాడుతోంది. పళ్ళన్నీ కనబడుతున్నాయి.

"రోజూ ఇంతే. మిట్టమధ్యాహ్నం, సరిగ్గా నువ్వు ఒంటరిగా నిలబడ్డ వేళకు చూసి మరీ నవ్వుతాడు. అసలు నీకు తలనీడ లేకుండా చేసింది వాడే. వాడుండగా మంద నిన్ను రానివ్వదు. వాణ్ణి పడగొట్టావా, నువ్వే పెద్దవు. పెద్దవాడికి నీడ ఇవ్వక చస్తాయా?"

జగ్గడి చెవుల మొదళ్ళు వేడెక్కాయి. గుండె కొట్టుకుంది. ముక్కు బుసలు కొట్టింది. అప్పుడు కారణం కూడా వచ్చింది, నవ్వుతున్నాడు వాడు! కొమ్ములు వంచి పరిగెత్తాడు. బూడిదగాడు తన వైపు వస్తున్నది పొట్టేలే కదా అని కదలకుండా నిలబడ్డాడు. మంద కుక్క మంద మీద పళ్ళు పెట్టదు, అది దాని కట్టుబాటు. పోటు డొక్కలో తగిలింది. కుయ్యోమంటూ బొర్లా పడ్డాడు.

"ఎందుకురా పొడిచావు?"

"ఎందుకు నవ్వుతున్నావురా?"

"నవ్వా! రొప్పుతున్నానురా సన్నాసీ! మీకు ఒళ్ళంతా చెమటలు పోస్తాయో లేదో నాకు తెలియదు గానీ, కుక్క ఒంటి వేడి నాలుక మీంచే పోవాలి. ఎండలో నోరు మూసుకుంటే చచ్చిపోతాను. మీ అందరికీ కాపలా కాస్తూ రొప్పుతుంటే నవ్వినట్టుందా నీకు?"

అత్త మీద కోపం దుత్త మీద అంటారే, అదీ కథ. ఎవడిదో అరచెయ్యి, ఎవడివో డొక్కలు.

ఓబులేసు నీళ్ళు మోసుకొచ్చి చూసి లబలబలాడాడు. ఏ అడివిపందో పొడిచిందనుకున్నాడు. "నా తండ్రీ, ఎవడు కొట్టాడ్రా నిన్ను" అంటూ కుక్క డొక్కకు పసుపు పూసి, మంద పక్కనే తన గొంగడి మీద పడుకోబెట్టి, ఎండ తగలకుండా దాని కొస పైకి కప్పాడు. కుక్కకు మనిషి భాష రాదు కాబట్టి జగ్గడు బతికిపోయాడు. కానీ ఆ మాట, ఎవడు కొట్టాడ్రా నిన్ను అన్న మాట, వాడి చెవిలోనే పడింది. తనకు కొమ్ము విరిగిన రోజు ఎవరూ అలా అడగలేదని గుర్తొచ్చింది. సిగ్గుతో చచ్చాడు.

విచిత్రమేమిటంటే, పొడిచేశాడు కదా, ఖాళీ అవ్వాలి కదా? అవ్వలేదు. చెవులు ఇంకా కాలుతూనే ఉన్నాయి. ఇంకోణ్ణి ఎవణ్ణైనా పొడవాలనిపిస్తోంది. పొడవడానికి మాత్రం చుట్టూ ఎవరూ లేరు. మంద ఆ రోజు ఇంకా దూరం జరిగింది.

మర్నాడు మధ్యాహ్నం ఓబులేసు వంకకు పోగానే నక్క వచ్చింది. కళ్ళు మెరుస్తున్నాయి.

"శభాష్ అల్లుడూ! కుక్క పని అయిపోయింది. ఇక ఒక్కటే మిగిలింది. చూడు, గుండ్రంగా ఎలా నిలబడ్డాయో. పో, సరిగ్గా మధ్యలోకి దూసుకుపో. చెల్లాచెదురవుతాయి. నడిమధ్య చోటు నీది. రేపటి నుంచి చచ్చినట్టు నీకే నీడ పడతాయి."

"నువ్వెక్కడుంటావు మామా?"

"నేనా? అదిగో, ఆ అవతలి జొన్న కుప్ప దగ్గర. నువ్వు గెలవడం దగ్గర నుంచి చూడొద్దూ?"

ఆ కుప్పకు ఎదురుగా, గుండ్రం అంచున, బొల్లి మూతి పిల్ల నిలబడి ఉంది. దాని తలకు సగమే నీడ. జగ్గడు ఆ పిల్లను చూశాడు, నక్కను చూశాడు. గొంగడి కింద నుంచి కొద్దిగా కనబడుతున్న బూడిద రంగు తోకను చూశాడు.

"మామా, నాకు కోపం సరిగ్గా రావడం లేదు. మంద నన్నేమంటోందో ఇంకోసారి చెప్పు."

"ఏమంటుందా! పందెంలో ఓడిన పీనుగ అంటోంది. విరిగిన కొమ్మోడు అంటోంది. తల్లీ తండ్రీ లేనివాడికి తలనీడ ఒకటా అంటోంది!"

చెవుల మొదళ్ళు భగ్గుమన్నాయి. ఈసారి జగ్గడు పరిగెత్తలేదు. ఆ వేడినే చూస్తూ నిలబడ్డాడు.

"మామా, కాసేపు మాట్లాడకు."

"ఎందుకు?"

"మాట్లాడకు అంటున్నానా!"

నక్క నోరు మూసుకుంది. ఎండ చిటపటలాడింది. గుండె కొట్టుకుంది, కొట్టుకుంది, మెల్లగా నడకలోకి వచ్చింది. చెవులు చల్లబడ్డాయి. దానంతటదే దిగిపోతుందని పిట్ట చెప్పింది. నిజంగానే దిగింది. మొద్దును పొడవలేదు, రాయిని పొడవలేదు, ఎవణ్ణీ పడగొట్టలేదు. ఊరికే నిలబడితే దిగింది!

"ఇప్పుడు మళ్ళీ చెప్పు మామా."

"నీకేమైనా పిచ్చా? అంటున్నాను కదా, ఓడిన పీనుగ అని!" 

మళ్ళీ వేడి. నక్క ఆగితే మళ్ళీ చల్లన. జగ్గడికి ఒక సంగతి తట్టింది. ఆ మాటలు మంద నోటి నుంచి వాడు ఒక్కసారి కూడా వినలేదు. ఎప్పుడు విన్నా నక్క నోటి నుంచే విన్నాడు. పొయ్యి తనదే, ఒప్పుకోవాలి. కట్టెలు మాత్రం మామ తెస్తున్నాడు. వంట ఎవరికో కూడా ఆ పిల్లను చూస్తే అర్థమైంది.

"సరే మామా. పో, కుప్ప దగ్గర నిలబడు. నేను కాలు దువ్వగానే చూస్తూ ఉండు."

నక్క ఒంగి ఒంగి పోయి కుప్ప వెనక నక్కింది. జగ్గడు తల దించాడు. ముక్కుతో బుసకొట్టాడు. ముందు కాలితో నేల గీరాడు, దుమ్ము లేచింది. వాడు కాలు దువ్వాక ఆగడం నక్క ఎన్నడూ చూడలేదు. ఇక మంద చెదిరినట్టే అనుకుని, ఆత్రం ఆపుకోలేక కుప్ప మీంచి ఒక్క దూకు దూకి పిల్ల మీదికి పరిగెత్తింది.

జగ్గడు మాత్రం కదల్లేదు.

మంద చెదరలేదు. చెదరగొట్టేవాడు రాలేదు కదా! నక్కను చూస్తే గొర్రెలు పారిపోవూ అంటారేమో. విడిగా ఉన్న గొర్రె పారిపోతుంది. తలలు కలిసి ఉన్న గొర్రెలు ఇంకా దగ్గరికి జరుగుతాయి. నాగవ్వ "నక్క! నక్క!" అని ఒక్క కేక వేసింది. బొల్లి పిల్ల గొర్రెల కాళ్ళ సందుల్లోంచి లోపలికి దూరిపోయింది. నక్క మూతికి దొరికింది నాలుగు ఉన్ని వెంట్రుకలు. బట్టబయలు చేలో, పట్టపగలు, ఏమీ లేకుండా నిలబడింది.

గొంగడి కదిలింది. బూడిదగాడు మూడు కాళ్ళ మీద కుంటుతూ, మూలుగుతూ, పళ్ళు బయటపెట్టి వచ్చాడు. ఈసారి అది రొప్పడం కాదు.

నక్క వెనుదిరిగి పొదల వైపు పరిగెత్తింది. దారిలో గట్టు మీద జగ్గడు అడ్డంగా ఉన్నాడు.

"అల్లుడూ, దారి ఇవ్వరా!"

"నేనేం చెయ్యలేదే మామా. ఊరికే నిలబడ్డాను."

"నీకు కోపం రాలేదట్రా దొంగవెధవా?"

"వచ్చింది. చెవుల దగ్గర ఆగింది."

నక్క అటా ఇటా అనుకునేలోపు బూడిదగాడు అందుకున్నాడు. సగం తోక కుక్క నోట్లో మిగిలింది, సగం నక్క వెంట వెళ్ళిపోయింది. వంక అవతలి దాకా దాని ఏడుపు వినబడింది. ఆ రోజు నుంచి ఆ నక్క ఎవరినీ అల్లుడూ అని పిలవలేదని చెప్పుకుంటారు.

ఇక మందంతా జగ్గడి చుట్టూ చేరి జేజేలు కొట్టి, నడిమధ్య చోటిచ్చి కూర్చోబెట్టిందని చెబితే మీకు బాగుంటుంది. అలా జరగలేదు. గొర్రెలు మళ్ళీ గుండ్రంగా కుదురుకున్నాయి, మళ్ళీ తలలు దాచుకున్నాయి. వాడికి చోటు లేదు. పోటు తిన్న ఒళ్ళు అంత తొందరగా మర్చిపోదు, దాన్ని తప్పుపట్టకండి.

బూడిదగాడు తోక ముక్కను ఉమ్మేసి, డొక్క నాక్కుంటూ అన్నాడు. "నేను మర్చిపోలేదురా జగ్గా."

"మర్చిపోవద్దు" అన్నాడు జగ్గడు. "నిన్ను పొడవడం నాదే తప్పు. మామ చెప్పాడు గానీ, పొడిచింది నా కొమ్ములే."

కుక్క గొంగడి మీదికి పోయి పడుకుంది. నాలుక బయటపెట్టి రొప్పింది, జగ్గడి వైపే చూస్తూ. జగ్గడు ఆ పళ్ళను చూసి, పాపం ఎంత ఎండో, అనుకున్నాడు.

తర్వాత వాడు మెల్లగా మంద వైపు నడిచాడు. ఎంత దూరం వస్తే గుండ్రం జరుగుతుందో వాడికి బాగా తెలుసు. అంతకు కాస్త ముందే ఆగిపోయాడు. అంచున బొల్లి పిల్లకు సగమే నీడ అని చెప్పాను కదా. జగ్గడు వెనక్కి తిరిగి, పక్కకు తిరిగి, సూర్యుడికి అడ్డంగా సర్దుకుని నిలబడ్డాడు. పెద్ద ఒళ్ళు వాడిది. నీడ నేల మీద పాకి ఆ పిల్ల ముందు కాళ్ళ దాకా పోయింది.

పిల్ల ఆ నీడను వాసన చూసింది. నాగవ్వ తల ఎత్తి, వద్దని అనబోయి, ఊరుకుంది. పిల్ల రెండడుగులు వేసి, ఇంకో అడుగు వేసి, వాడి పొట్ట కింద తల పెట్టింది. పెడుతూ పెడుతూ దాని నుదురు వాడి కాలికి తగిలి, మెల్లగా తోసింది. 

వాడి చెవుల మొదళ్ళు వేడెక్కాయి. గుండె దడదడలాడింది. జగ్గడు కళ్ళు మూసుకుని, కాళ్ళు నేలలో పాతుకున్నట్టు నిలబడ్డాడు. వేడి వచ్చింది. ఉంది. పోయింది. పిల్ల అక్కడే ఉంది.

తుమ్మ మొద్దు మీద గోరింక వచ్చి వాలింది. వీపు మీదికి రాలేదు.

"అక్కా, నిన్ను తరిమాను. తప్పైంది. వస్తావా?" అని అడిగాడు జగ్గడు, పిల్ల బెదరకుండా చిన్న గొంతుతో.

"రేపు చూద్దాంలే" అంది గోరింక. రెక్క దులుపుకుంటూ అక్కడే కూర్చుంది.

ఎండ ఇంకా మాడుస్తూనే ఉంది. జగ్గడి తలకు ఆ రోజు కూడా నీడ లేదు. వాడు అలాగే నిలబడ్డాడు, ఓబులేసు నీళ్ళు మోసుకుని వచ్చేదాకా.

కోపం నీదే కావచ్చు గానీ, అందులో కట్టెలు వేస్తున్నది ఎవరో ముందు చూసుకో.